జాంబీకి కిల్ -9 ఎందుకు పనిచేయదు

డాకర్ కంటెయినర్‌లో (ప్రోగ్రామ్‌ను విడిగా నడిపే పరిసరంలో) నడుస్తున్న, సీ భాషలో రాసిన మీ సర్వర్ కింద వందలాది డిఫంక్ట్ ప్రాసెస్‌లు, అంటే జాంబీలు, పేరుకున్నాయని, ప్రాసెస్‌ను బలవంతంగా ఆపే కిల్ -9 ఆదేశం ఇచ్చినా పోవడం లేదని రాశారు. పోవు. అవి ఇప్పటికే ముగిసిపోయాయి; సిగ్నల్ అందుకోవడానికి అక్కడ ఎవరూ లేరు.

అవి ర్యామ్ తింటున్నాయన్న దిగులు వద్దు. పిల్ల ప్రాసెస్ (మరో ప్రాసెస్ పుట్టించినది) ముగియగానే దాని మెమరీ, తెరిచిన ఫైళ్లు విడుదలైపోతాయి. ప్రాసెస్ పట్టికలో ఒక్క నమోదు, అందులో పీఐడీ (ప్రాసెస్ సంఖ్య), ముగింపు ఫలితం మిగులుతాయి. తల్లి ప్రాసెస్ వెయిట్ అనే ఫంక్షన్‌ను పిలిచి ఆ ఫలితాన్ని అందుకునేదాకా కెర్నెల్ (ఆపరేటింగ్ సిస్టమ్ కేంద్ర భాగం) దాన్ని భద్రంగా ఉంచుతుంది. నిజంగా భయపడవలసింది పీఐడీలు అయిపోవడం గురించి. అప్పుడు కొత్త ఫోర్క్, అంటే కొత్త ప్రాసెస్‌ను పుట్టించడం, విఫలమవుతుంది.

ముందు ప్రాసెస్‌ల జాబితా చూపే పీఎస్ ఆదేశంలో పీపీఐడీ (తల్లి ప్రాసెస్ పీఐడీ) చూడండి. మామూలు యంత్రంలో తల్లిని ఆపితే చాలు, ఆ జాంబీలను పీఐడీ 1 (అన్నిటికంటే ముందు మొదలయ్యే ప్రాసెస్) దత్తత తీసుకుని తుడిచేస్తుంది. మీ కంటెయినర్‌లో మాత్రం పీఐడీ 1 మీ సర్వరే, దానికి ఆ పని రాదు! డాకర్ రన్‌కు --ఇనిట్ జోడిస్తే టిని అనే చిన్న ప్రోగ్రామ్ ఆ స్థానంలో నిలిచి, తల్లి ముగిసిపోయిన అనాథ ప్రాసెస్‌లను చూసుకుంటుంది.

కానీ మీ సర్వర్ స్వయంగా ఫోర్క్ చేసిన పిల్లల బాధ్యత టినిది కాదు. పిల్ల ముగిసిందని తెలిపే సిగ్నల్ సిగ్‌చైల్డ్; దాన్ని అందుకునే మీ హ్యాండ్లర్‌లో వెయిట్‌పీఐడీని (వెయిట్ లాంటి ఫంక్షన్) ఒక్కసారే పిలుస్తున్నారు, అసలు లోపం అక్కడే ఉంది. ముగ్గురు పిల్లలు దాదాపు ఒకేసారి ముగిస్తే మూడు సిగ్నళ్లు కలిసి ఒక్కటిగా రావచ్చు. మిగతా ఇద్దరు జాంబీలుగా ఉండిపోతారు. వెయిట్‌పీఐడీని డబ్ల్యూనోహ్యాంగ్‌తో (ఆగి ఎదురుచూడవద్దని చెప్పే ఎంపికతో) లూప్‌లో పెట్టి, అది 0 గానీ -1 గానీ ఇచ్చేదాకా పిలుస్తూ ఉండండి. హ్యాండ్లర్ మొదట్లో ఎర్నో (చివరి లోపం సంఖ్య) విలువను దాచి, చివర తిరిగి పెట్టడం మరవకండి.