రీ: బీరు గ్లాసు పట్టుకుని పాడే ఆవిడ, పాత షార్ట్ ఫిల్మ్ పేరేంటి?

బార్ కౌంటర్‌కి ఆనుకుని ఆవిడ పాడుతుంటే చుట్టూ ఉన్నవాళ్ళంతా కోరస్ అందుకుంటారు, అదేగా మీరడిగింది? మీరనుకున్నట్టు అది జాజ్ సంగీతకారుడు డ్యూక్ ఎల్లింగ్టన్ ఫిల్మ్ కాదండి, అందుకే ఆయన పేరుతో వెతికితే దొరకట్లేదు. 1929లో వచ్చిన సెయింట్ లూయిస్ బ్లూస్, పాడేది బ్లూస్ గాయని బెస్సీ స్మిత్. ఎల్లింగ్టన్ షార్ట్ ఫిల్మ్ బ్లాక్ అండ్ టాన్ కూడా అదే ఏడాది, డైరెక్టరూ అదే డడ్లీ మర్ఫీ, కాబట్టి కన్ఫ్యూజ్ అవ్వడం మామూలే.

కథ అర్థం కాలేదన్నారు, మీ క్లిప్‌లో మొదలు లేదు మరి. ఆవిడ ప్రియుడు జిమ్మీ వేరే అమ్మాయితో దొరికిపోయి, పైగా ఈవిడనే కిందపడేసి వెళ్ళిపోతాడు, ఆ నేల మీద నుంచే పాట మొదలై బార్‌లోకి వచ్చేస్తుంది. తర్వాత వాడు తిరిగొచ్చి ప్రేమగా డాన్స్ చేస్తూ ఆవిడ మేజోడులో దాచుకున్న డబ్బు కొట్టేస్తాడు (వెధవ!), మళ్ళీ అదే పాట. ఫుల్ వెర్షన్ 16 నిమిషాలే, బెస్సీ కనిపించే సినిమా మనకి మిగిలింది ఇదొక్కటే.