పాప్ పాటలు కట్టేవారికి సినిమా సంగీతం చేతనవుతుందా? బెర్నార్దో బొనెజ్జీ పేరు చెబుతాను

మూడు నిమిషాల పాప్ పాటలకు అలవాటుపడినవారు రెండు గంటల సినిమాకు రీరికార్డింగ్ చేయగలరా, బయటి దేశాల నుంచి ఒక ఉదాహరణ చెప్పండి అని అడిగారు. నేను చెప్పే పేరు స్పెయిన్‌కు చెందిన బెర్నార్దో బొనెజ్జీ. 1964లో మద్రిద్‌లో పుట్టారు. ఆయన నాకు పరిచయమైంది సంగీతం వల్ల కాదు, వ్యాకరణం వల్ల.

2009లో హైదరాబాద్‌లో సాయంత్రం పూట స్పానిష్ తరగతులకు వెళ్లేవాడిని. భవిష్యత్ కాలం దగ్గర తెలుగువాళ్లమంతా ఆగిపోయాం. ‘వెతుకుతాను’ అన్న మాట మనకు రోజూ చేసే పనికీ సరిపోతుంది, రేపు చేయబోయే పనికీ సరిపోతుంది. స్పానిష్‌లో ఈ రెంటికీ వేర్వేరు రూపాలు: ‘బుస్కో’, ‘బుస్కరే’. రెండు వారాలు గడిచినా నోరు తిరగలేదు. ఒకరోజు మా టీచరుగారు పాఠ్యపుస్తకం మూసేసి, తలా ఒక కాగితం ఇచ్చారు. అందులో ఒక పాట ఉంది, క్రియలున్న చోటల్లా ఖాళీలు ఉన్నాయి. పాట వింటూ వాటిని పూరించాలి.

జాంబీస్ అనే బృందం 1980లో విడుదల చేసిన ‘గ్రోయెన్‌లాందియా’ అది. ప్రేమించిన మనిషిని గ్రీన్‌లాండ్‌లో వెతుకుతాను, పెరూలో వెతుకుతాను, టిబెట్‌లో, జపాన్‌లో వెతుకుతాను అంటూ సాగి, చివరికి శనిగ్రహం వలయాల దాకా పోతుంది. టీచరుగారు గోడకు ప్రపంచ పటం తగిలించి, పాటలో పేరు వినబడగానే ఒక్కొక్కరం వెళ్లి ఆ చోట వేలు పెట్టాలన్నారు. నా వంతుకు ఈస్టర్ ద్వీపం వచ్చింది. పసిఫిక్ మహాసముద్రమంతా గాలిస్తుంటే పాట నన్ను దాటి వెళ్లిపోయింది. మళ్లీ మొదటి నుంచి పెట్టించుకున్నాను. నాలుగోసారికి చిలీకి పడమరగా, ఎక్కడో దూరాన, చుక్కంత ద్వీపం నా వేలి కింద దొరికింది. అప్పటికి తరగతి మొత్తం పాడుతోంది. ఆ తర్వాత నేను భవిష్యత్ కాలంలో తప్పు రాయలేదు.

ఇది రాసి, పాడిన కుర్రాడికి అప్పుడు పదహారేళ్లు ఉంటాయేమో అన్నారు టీచరుగారు. స్పెయిన్ నియంత ఫ్రాంకో చనిపోయి ఐదేళ్లే అయింది. నియంతృత్వం నుంచి బయటపడిన మద్రిద్‌లో పాటలు, సినిమాలు, బొమ్మలు, దుస్తులు అన్నీ ఒక్కసారిగా పొంగిన కాలం. దాన్నే అక్కడ ‘లా మొవీదా’ అంటారు. ఆ పొంగులో అందరికంటే చిన్నవాళ్లలో ఒకడు ఈ కుర్రాడు.

కొన్ని నెలల తర్వాత అదే గదిలో స్పానిష్ దర్శకుడు పేద్రో అల్మోదోవర్ 1988లో తీసిన ‘విమెన్ ఆన్ ద వెర్జ్ ఆఫ్ ఎ నెర్వస్ బ్రేక్‌డౌన్’ చూపించారు. పేర్లు పడుతున్నప్పుడు ‘సంగీతం: బెర్నార్దో బొనెజ్జీ’ అని కనబడింది. ఆ పాట పాడినవారేనా అని అడిగితే, ఆయనే అన్నారు. ఆ సినిమా విడుదలయ్యే నాటికి ఆయనకు ఇంకా 24 నిండలేదు. పద్దెనిమిదేళ్లకే, 1982లో, అదే దర్శకుడి ‘లాబెరింతో దే పాసియోనెస్’కు పనిచేశారు. తర్వాత ‘మతదోర్’, ‘లా లేయ్ దెల్ దెసేయో’ సినిమాలకూ పనిచేశారు.

నాకు బాధ కలిగించే విషయం ఇక్కడే ఉంది. ఆ 1988 సినిమా సంగీతం గురించి ఎవరిని కదిలించినా మొదట్లో వచ్చే లోలా బెల్త్రాన్ పాట, చివర్లో వచ్చే లా లూపే పాట గురించే చెబుతారు. రెండూ గొప్పవే, కానీ రెండూ పాతవి, లాటిన్ అమెరికా నుంచి దర్శకుడు ఏరి తెచ్చుకున్నవి. వాటి మధ్యలో, వదిలి వెళ్లిన మనిషి కోసం కథానాయిక పేపా ఫోను చుట్టూ తిరుగుతున్నంతసేపూ మనల్ని కుర్చీ అంచున కూర్చోబెట్టే వాయులీనాలు బొనెజ్జీవి. కామెడీకి హత్యల సినిమాలో వినిపించే సంగీతం కట్టారు. పేపా కష్టం ఆమెకు నవ్వులాట కాదని ఆ సంగీతం ఒక్కటే గుర్తుపెట్టుకుంటుంది. మన దగ్గరా ఇదే తీరు. పాటలు ఎన్ని హిట్టయ్యాయని లెక్కపెడతాం, రీరికార్డింగ్ ఎలా ఉందో ఎవరూ అడగరు. ఈ మధ్య ఇంట్లో సినిమా చూస్తుంటే చివరి పేర్లు పడకముందే తెర చిన్నదైపోయి వేరే సినిమా మొదలైపోతోంది. సంగీతం ఇచ్చినవారి పేరు చదవాలంటే రిమోట్‌తో కుస్తీ పట్టాల్సి వస్తోంది. ఇది చాలా అన్యాయం.

అల్మోదోవర్ తర్వాతి సినిమాలకు సంగీతం ఇవ్వడానికి ఇటలీ నుంచి ఎన్నియో మొరికోనె వచ్చారు, జపాన్ నుంచి ర్యూచీ సకమోతో వచ్చారు. వాళ్ల స్థాయి గురించి నేను చెప్పేదేమీ లేదు. అయినా ఆ మద్రిద్ వీధుల వేగాన్ని బొనెజ్జీ పట్టుకున్నట్టు వాళ్లు పట్టుకోలేదని నా గట్టి నమ్మకం. మూడు నిమిషాల్లో మనిషిని గ్రీన్‌లాండ్ నుంచి శనిగ్రహం దాకా తిప్పినవాడికి ఏది ఎక్కడ ఆపాలో తెలుస్తుంది. సినిమాకు కావలసిన చదువు అదే.

పనేమీ తగ్గలేదు ఆయనకు. ఒక మందుల దుకాణం చుట్టూ తిరిగే టీవీ ధారావాహిక ‘ఫార్మాసియా దే గ్వార్దియా’కు సంగీతం ఇచ్చారు. 1995 డిసెంబరులో దాని చివరి భాగాన్ని కోటి మందికి పైగా చూశారు, అదీ సుమారు నాలుగు కోట్ల జనాభా ఉన్న దేశంలో. అదే ఏడాది వచ్చిన దర్శకుడు అగుస్తీన్ దీయాస్ యానెస్ తొలి సినిమాకు ఇచ్చిన సంగీతానికి, స్పెయిన్ సినిమా పురస్కారమైన గోయా అందుకున్నారు. 2012 ఆగస్టులో, 48 ఏళ్లకే మద్రిద్‌లో కన్నుమూశారు.

ఆ కబురు మా టీచరుగారే ఫోను చేసి చెప్పారు. ఆ రాత్రి పాత నోటు పుస్తకాల్లో వెతికితే ఖాళీలు పూరించిన ఆ కాగితం దొరికింది. మొదటి ఖాళీలో ‘బుస్కో’ అని రాసి కొట్టేసి, పక్కన ‘బుస్కరే’ అని దిద్దుకున్నాను. మీరు ముందు ఆ పాట వినండి, తర్వాత ఆ సినిమా చూడండి. మాటలు ఆగినచోట చెవి పెట్టండి.