వాద్యం తర్వాత, ముందు ఆ ఇంటిని విను

చిరంజీవి మేనల్లుడికి ఆశీస్సులు.

తొలి సినిమాకు నేపథ్య సంగీతం చేస్తున్నావని తెలిసి ఎంతో సంతోషించాను. తండ్రి ఒంటరిగా ఇంటికి తిరిగొచ్చే సన్నివేశానికి ఏ వాద్యం వాడాలని అడిగావు. వాద్యం సంగతి తర్వాత చూద్దాం. ముందు ఆ ఇల్లు ఎలా మోగుతోందో విను.

మాటలతో పాటు పరిసరాల ధ్వనులూ ఉన్న ట్రాకును సౌండ్ ఎడిటర్ దగ్గర అడిగి తెచ్చుకో. ఎడిటింగ్‌లో తాత్కాలికంగా వేరే సంగీతం పెట్టి ఉంటే తీసేయించు. అది ఒకసారి చెవిలో పడిందంటే నీ సొంత ఆలోచన రానివ్వదు.

ఆ ఇంట్లో ఫ్రిజ్ నడుస్తోందనుకో. 50 హెర్ట్జ్ (అంటే సెకనుకు 50 ఆవృత్తుల) కరెంటు ఉన్నచోట దాని రొద తరచు 100 హెర్ట్జ్ దగ్గర వినిపిస్తుంది. నువ్వు గమనించకుండా 103 దగ్గర ఒక శ్రుతి నిలిపావంటే, రెండూ కలిసి సెకనుకు మూడుసార్లు పెరుగుతూ తగ్గుతూ అల్లాడతాయి. ప్రేక్షకుడికి కారణం తెలియదు గానీ స్థిమితంగా కూర్చోలేడు. ఆ అశాంతి కథకు కావాలంటే ఉంచు, అక్కర్లేదంటే శ్రుతి కలుపు. ఏది చేసినా మిక్సింగ్ ఇంజినీరుకు ముందే చెప్పు. ఆయన ఫ్రిజ్ చప్పుడు తీసేస్తే నీ శ్రమంతా వృథా.

చోటునే వాద్యంగా మార్చుకున్నవాళ్లున్నారు. 2019లో వచ్చిన అణుప్రమాదం మీద తీసిన 'చెర్నోబిల్' సిరీస్ కోసం సంగీత దర్శకురాలు హిల్దుర్ గుద్నదొత్తిర్ లిథువేనియాలో మూతపడిన అణువిద్యుత్ కేంద్రానికి వెళ్లి, అక్కడి ధ్వనులను రికార్డు చేసి, ప్రధానంగా వాటితోనే సంగీతం కట్టారు. అంత దూరం వెళ్లలేకపోయినా, షూటింగ్ జరిగిన ఇంటికి ఒక రికార్డర్ పట్టుకుని వెళ్లు.

మాటలున్నచోట హల్లుల స్పష్టత చాలావరకు 2 నుంచి 4 కిలోహెర్ట్జ్ మధ్యే ఉంటుంది. ఆ స్థాయిలో నీ సంగీతాన్ని చేర్చకు.

ఇక అన్నిటికంటే కష్టమైనది, ఎక్కడ మొదలుపెట్టాలి, ఎక్కడ ఆపాలి అన్నది. మొదలు తెలియకుండా ఉండాలంటే తలుపు చప్పుడు కిందో, వాన జోరందుకునే చోటో దాచెయ్యవచ్చు. ఆపడాన్ని అలా దాచలేం. చెవికి అలవాటైపోయిన ధ్వని ఆగినప్పుడే అది ఇంతసేపూ ఉందని తెలుస్తుంది. అందుకే ఆపే చోటును నువ్వు రాసే స్వరాలకన్నా శ్రద్ధగా ఎంచుకో. తండ్రి కూతురి ఫోటో ముందు ఆగినప్పుడు నీకు వయొలిన్ చేర్చాలనిపిస్తుంది. దయచేసి చేర్చకు. అప్పటిదాకా నడుస్తున్న శ్రుతిని కూడా సరిగ్గా అక్కడే ఆపెయ్యి. ఆ నటుడి ఊపిరి వినిపిస్తుంది. దాన్ని మించినది నువ్వూ నేనూ రాయలేం.

దర్శకుడు ఖాళీగా ఉందంటే వెంటనే వాదించకు. రెండు రకాలుగానూ చేసి, పెద్ద తెర మీద చూపించు. ల్యాప్‌టాప్ స్పీకర్లలో మంద్ర స్థాయి ధ్వనులు సరిగా వినిపించవు కాబట్టి అక్కడ ఎవరికైనా ఖాళీగానే తోస్తుంది.

పూర్తయ్యాక నాకు పంపు. సంగీతం ఒక్కటే వద్దు, దృశ్యంతో, మాటలతో కలిపి పంపు.

నీ మామయ్య