నేరం జరిగిన రోజు వయసే లెక్క

ప్రశ్న: మా అబ్బాయి బండి నడుపుతుంటే, వెనక కూర్చున్న 20 ఏళ్ల స్నేహితుడు దారినపోయే ఒకావిడ చేతిలోని సెల్‌ఫోన్ లాక్కున్నాడు. అప్పటికి మావాడికి 18 నిండడానికి ఇంకా 12 రోజులుంది. నెల తర్వాత స్టేషన్‌కు పిలిచి, ఇప్పుడు మేజర్ కాబట్టి జైలేనంటున్నారు. ఆధార్‌లో పుట్టిన తేదీ తప్పుగా ఉంది. వాడి భవిష్యత్తు ఏమైపోతుందో? – ఒక తల్లి

జవాబు: అమ్మా, ముందు పదో తరగతి మెమో తీసి దగ్గర పెట్టుకోండి. 18 ఏళ్లలోపు పిల్లల నేరాలకు వర్తించే జువైనల్ జస్టిస్ చట్టం (2015) చూసేది నేరం జరిగిన రోజు వయసునే, పట్టుకున్న రోజుది కాదు. వయసు తేల్చడానికి సెక్షన్ 94 మొదట చెప్పింది బడి ఇచ్చిన పుట్టినతేదీ పత్రం, లేదా పదో తరగతి సర్టిఫికెట్. అవి లేకపోతే మున్సిపాలిటీ, పంచాయతీ ఇచ్చే జనన ధ్రువపత్రం. అందులో ఆధార్ ఊసే లేదు.

కాబట్టి మీవాణ్ణి లాకప్‌లో గానీ జైల్లో గానీ పెట్టకూడదు. 24 గంటల్లో, ఇలాంటి పిల్లల కేసులు విచారించే జువైనల్ జస్టిస్ బోర్డు ముందు హాజరుపరచాలి. బేడీలు వేయకూడదు, ఏ వాంగ్మూలం మీదా సంతకం తీసుకోకూడదు. "ఒక్క సంతకం పెట్టు, ఇంటికెళ్లిపోదువు" అంటే పెట్టొద్దని వాడికి ఇవాళే చెప్పండి. స్నేహితుడి కేసు మామూలు కోర్టులో విడిగా నడుస్తుంది.

"బండి నడిపాడంతే" అన్న వాదన ఒక్కటే నిలవదు. ఫోన్ లాగబోతున్నాడని ముందే తెలిసి నడిపితే ఇద్దరిదీ ఒకే బాధ్యత. తెలియకపోతే అది గట్టి వాదనే. వాడేం చెప్పినా కసరకుండా వినండి, ఉన్నదున్నట్టు లాయరుకు చెప్పనివ్వండి. ఫీజు కట్టుకోలేకపోతే జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా లాయర్ని పెడుతుంది.

ఐపీసీ స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహితలో ఇలా లాక్కోవడానికి గరిష్ఠ శిక్ష మూడేళ్లు. అందుకే బోర్డు దృష్టిలో ఇది చిన్న నేరం. విచారణ నాలుగు నెలల్లో, పొడిగిస్తే మరో రెండు నెలల్లో ముగియాలి, లేకపోతే ఆగిపోతుంది. నేరం రుజువైనా మందలింపు, కౌన్సెలింగ్, సమాజసేవ లాంటి దారులున్నాయి. కేసు ముగిశాక పోలీసులు క్యారెక్టర్ సర్టిఫికెట్ కోసం ఆ రికార్డు బయటపెట్టకూడదు. వాడి భవిష్యత్తు గురించిన మీ బెంగకు జవాబు ఇదే.

బెయిలు మామూలుగా ఇవ్వాల్సిందే. బయటికొస్తే మళ్లీ నేరస్థుల సావాసంలో పడతాడనో, వాడికే ప్రమాదమనో, న్యాయానికి భంగమనో బోర్డుకు అనిపిస్తేనే చిక్కు. బోర్డు ముందుకు వెళ్లే రోజు తల్లిదండ్రులిద్దరూ వెళ్లండి. కాలేజీ హాజరు పత్రం పట్టుకెళ్లండి. సాయంత్రాలు ఎక్కడుంటాడో, బండి తాళం ఎవరి దగ్గరుంటుందో అడిగితే చెప్పగలగాలి.