వెయ్యి పౌండ్ల తొలి ఆటగాడు ఆల్ఫ్ కామన్

వెయ్యి పౌండ్లకు క్లబ్బు మారిన తొలి ఫుట్‌బాల్ క్రీడాకారుడు ఎవరు, అతని క్రీడాజీవితం ఎలా సాగింది అన్నది ప్రశ్న. ఆయన 1880లో ఇంగ్లండ్‌లోని సండర్‌ల్యాండ్‌లో పుట్టిన ఆల్ఫ్ కామన్. సొంత ఊరి జట్టులో ఆడి, 1901లో షెఫీల్డ్ యునైటెడ్‌కు వెళ్లి, మరుసటి ఏడాది ఇంగ్లండ్ క్లబ్బుల నాకౌట్ పోటీ అయిన ఎఫ్.ఎ. కప్ ఫైనల్లో గోల్ కొట్టిన కామన్, 1904లో మళ్లీ సండర్‌ల్యాండ్‌కే తిరిగివచ్చారు. 1905 ఫిబ్రవరిలో, రెండో డివిజన్‌కు దిగజారే ప్రమాదంలో ఉన్న మిడిల్స్‌బ్రో ఆయన్ను వెయ్యి పౌండ్లకు తీసుకుంది. మనిషిని సరుకులా కొంటారా అని అప్పట్లో చాలామంది మండిపడ్డారు. అయితే ఆ సొమ్ము చేరింది పాత క్లబ్బుకే. ఆటగాడి జీతం వారానికి 4 పౌండ్లు మించరాదన్న నిబంధన అప్పట్లో 1901 నుంచే అమల్లో ఉండేది. నా దృష్టిలో అసలు అన్యాయం అదే.

కొత్త జట్టు తరఫున తొలి మ్యాచ్ షెఫీల్డ్ యునైటెడ్ సొంత మైదానమైన బ్రమాల్ లేన్‌లోనే జరిగింది. తన పాత జట్టుపైనే పెనాల్టీని గోల్‌గా మలచి, కామన్ 1-0తో గెలిపించారు. బయటి మైదానంలో మిడిల్స్‌బ్రోకు దాదాపు రెండేళ్ల తర్వాత దక్కిన విజయమది. ఆ సీజన్లో క్లబ్బు మొదటి డివిజన్లోనే నిలిచింది. 1910లో వుల్విచ్ ఆర్సెనల్‌కు, తర్వాత ప్రెస్టన్ నార్త్ ఎండ్‌కు మారిన ఆయన 1914లో ఆట విరమించి, డార్లింగ్టన్‌లో పబ్బు నడిపి, 1946లో మరణించారు.