గీత తొక్కితే రెండే

ప్రశ్న: 2024 పారిస్ ఒలింపిక్స్ మహిళల బాస్కెట్‌బాల్ ఫైనల్లో ఫ్రాన్స్ అమ్మాయి ఆఖరి క్షణంలో అంత దూరం నుంచి బుట్టలో వేసినా అమెరికాయే ఎలా గెలిచిందని మా బడి జట్టు పిల్లలు అడుగుతున్నారు.
– ఒక వ్యాయామ ఉపాధ్యాయుడు, కావలి

జవాబు: ఆమె బూటు కొన చూడమనండి మాస్టారూ! బుట్టకు 6.75 మీటర్ల దూరంలో ఉండే గీతకు అవతల నుంచి వేస్తేనే మూడు పాయింట్లు. గాబీ విలియమ్స్ పాదం గీత మీద పడింది, రెండే వచ్చాయి. అందుకే 67-66. మూడు వచ్చి ఉంటే స్కోరు సమమై అదనపు సమయం ఆడేవారు. అమెరికాకు అది వరుసగా ఎనిమిదో స్వర్ణం. నా మనసు మాత్రం ఫ్రాన్స్ వైపే ఉంది. మన భారత అమ్మాయిల సంగతీ చెప్పండి: 2017లో బెంగళూరులో కజకిస్తాన్‌ను 75-73తో ఓడించి ఆసియా కప్ డివిజన్ బి (రెండో అంచె పోటీ) గెలిచారు. అన్నట్టు, మీ అమ్మాయిలకు ఏడో నంబరు బంతి ఇవ్వడం లేదు కదా? అది మగవాళ్లది. ఆడవాళ్లకు ఆరో నంబరు.