ద్వేషం వద్దనుకుంటే అన్నీ భరించాలా?

ప్రశ్న: నాకు 29 ఏళ్లు. పెళ్లయి నాలుగేళ్లయింది. ప్రైవేటు ఉద్యోగం చేస్తున్నాను. జీతం పడగానే మావారి అకౌంట్‌కి పంపేయాలి, బస్సు ఖర్చుకి కూడా ఆయన్నే అడగాలి. బంధువుల ముందు నన్ను తీసిపారేసినట్టు మాట్లాడతారు. రెండుసార్లు చెయ్యి చేసుకున్నారు. ఈమధ్య, రెండో ప్రపంచయుద్ధ కాలంలో నాజీల చేతిలో చనిపోయిన నెదర్లాండ్స్ యూదు యువతి ఎట్టీ హిల్లెసుమ్ డైరీలు, ఉత్తరాలు చదివాను. అప్పటినుంచి పొద్దున్నే అరగంట మౌనంగా కూర్చుంటున్నాను, రాత్రిళ్లు రాసుకుంటున్నాను. నాజీ శిబిరంలో ఉండి కూడా ఎవరినీ ద్వేషించని ఆమె ముందు నా కష్టం ఏపాటిది అనిపించి, అమ్మకు చెప్పుకోవడం కూడా మానేశాను. కానీ నిద్ర పట్టదు, తలనొప్పి. ఆయన గొంతు వింటే గుండె దడ. నా సాధనలో లోపం ఉందా?
- ఒక సోదరి, వరంగల్

జవాబు: మీ సాధనలో ఏ లోపమూ లేదమ్మా. నిద్ర పట్టకపోవడం, తలనొప్పి, గొంతు వింటేనే దడ పుట్టడం భయంలో బతికేవాళ్లకు వచ్చేవే. మూడు గంటలు ధ్యానం చేసినా, లేచాక మళ్లీ అదే భయంలోకి వెళ్లాల్సి వస్తే ఒళ్లు ఊరుకోదు.

మీరు ఎట్టీని ప్రేమతో చదివారు. అయితే ఆమె చివరి రోజుల్ని మాత్రమే పట్టుకుని, అక్కడిదాకా ఎలా వచ్చిందో వదిలేశారనిపిస్తోంది. 1941 మార్చిలో డైరీ మొదలుపెట్టేనాటికి ఆమెకు 27 ఏళ్లు. లా చదివింది, ఆమ్‌స్టర్‌డామ్‌లో రష్యన్ పాఠాలు చెప్పేది. తలనొప్పి, కడుపునొప్పి, ఉన్నట్టుండి కుంగిపోవడం, ఆగకుండా తినడం అన్నీ దాచకుండా రాసుకుంది. డెవెంటర్‌లో ఉండే అమ్మానాన్నల ఇంటికి వెళ్తే ఆ గందరగోళంలో ఆమెకు ఊపిరాడేది కాదు. అప్పటికి నెదర్లాండ్స్ జర్మన్ల చేతుల్లోకి పోయి పది నెలలు. అంత ఉపద్రవం నడుస్తున్నా, తన మనసులోని చిక్కుముడిని చిన్నదని ఆమె పక్కన పెట్టలేదు. సాయం కోసం జూలియస్ స్పీర్ దగ్గరికి వెళ్లింది. ఆమె ఎదుగుదల అంతా అక్కడ మొదలైంది.

స్పీర్ గురించి ఒక మాట చెప్పి తీరాలి. అతను జర్మనీ నుంచి వచ్చిన యూదుడు, అరచేతులు చూసి మనిషి స్వభావం చెబుతూ చికిత్స చేసేవాడు. చికిత్స పేరుతో పేషెంట్లతో కుస్తీ పట్టేవాడు, ఎట్టీతో అతనికి ప్రేమ సంబంధం కూడా ఉండేది. ఈరోజు ఏ కౌన్సిలరైనా అలా ప్రవర్తిస్తే వెంటనే లేచి వచ్చేయండి. కానీ దేవుడి పేరు సిగ్గుపడకుండా పలకడం అతని దగ్గరే నేర్చుకున్నానని ఆమె రాసుకుంది, అది కూడా నిజమే. 1942 సెప్టెంబర్‌లో స్పీర్ చనిపోయాడు. ఆమె నమ్మకం మాత్రం అతను లేకుండానే నిలబడింది.

మోకరిల్లడం చేతకాని అమ్మాయి, స్నానాలగదిలో కొబ్బరిపీచు పట్టా మీద మోకరిల్లడం నేర్చుకుంది. అది రాసుకోవడానికి కూడా మొదట్లో సిగ్గుపడింది. 1942 జూలై 12న రాసుకున్న ప్రార్థన మీకు గుర్తుండే ఉంటుంది. దేవుడు మనకు సాయం చెయ్యలేడు, మనమే ఆయనకు సాయం చెయ్యాలి, మనలో ఆయన ఉన్న ఆ కాస్త చోటును కాపాడుకోవాలి అని అందులో అంటుంది. ఆమె ఆధ్యాత్మికత మొత్తం నాకు ఈ ప్రార్థనలోనే కనిపిస్తుంది. ఇప్పుడు చెప్పండి, అలాంటి చోటు మీలోనూ ఉంది కదా? మీ మీద చెయ్యి పడినప్పుడల్లా, నలుగురిలో మిమ్మల్ని చులకన చేసినప్పుడల్లా దెబ్బ తగులుతున్నది దానికే. దాన్ని కాపాడుకోవాలంటే ముందు ఆ చెయ్యి ఆగాలి. పెద్దవాళ్లు చెప్పే 'సర్దుకుపో'ను ఎట్టీ నోట పెట్టకండి, ఆమె ఆ మాట చెప్పలేదు.

ద్వేషం ఈ లోకాన్ని ఇంకా బతకలేని చోటుగా మారుస్తుందని ఆమె గట్టిగా నమ్మింది. అలాగని నోరు మూసుకోలేదు. 1943 ఆగస్టు 24న వెస్టర్‌బోర్క్ నుంచి, అంటే యూదుల్ని రైళ్లలో తరలించే ముందు నెదర్లాండ్స్‌లో ఉంచిన శిబిరం నుంచి, రాసిన ఉత్తరం మరోసారి చదవండి. రైలు బయల్దేరే ముందు రాత్రి పసిపిల్లల్ని, జబ్బుపడినవాళ్లని ఎలా సిద్ధం చేశారో, శిబిరం అధికారి ఎలా ప్రవర్తించాడో కళ్లకు కట్టినట్టు రాసింది. ఆ ఉత్తరాన్నీ, అంతకుముందు రాసిన మరో ఉత్తరాన్నీ అదే ఏడాది రహస్యంగా అచ్చువేశారు. మనిషిని ద్వేషించకుండానే అన్యాయాన్ని పేరు పెట్టి చెప్పవచ్చు. మీరు అమ్మకు చెప్పడం మానేశారే, ఎట్టీ చేసింది సరిగ్గా దానికి ఉల్టా.

'దాక్కోమని స్నేహితులు బతిమాలినా ఆమె వినలేదు కదా' అని మీరు అడగవచ్చు. నిజమే. తన జనం అనుభవించేది తానూ పంచుకోవాలనుకుంది, తాను తప్పుకుంటే ఆ రైలులో ఇంకొకరు ఎక్కుతారని ఆమెకు తెలుసు. అది సరైన నిర్ణయమా అన్న వాదన పాఠకుల్లో ఇప్పటికీ ఉంది. తన తల్లిదండ్రులతో, తమ్ముడు మిషాతో కలిసి 1943 సెప్టెంబర్ 7న నాజీల మరణ శిబిరమైన ఆష్విట్జ్‌కి రైలెక్కింది. నవంబర్ 30న అక్కడ చనిపోయినట్టు రికార్డుల్లో ఉంది. అప్పటికి ఆమెది మీ వయసే. నెదర్లాండ్స్ నుంచి లక్ష మందికి పైగా యూదుల్ని తరలిస్తే, తిరిగొచ్చినవాళ్లు సుమారు 5 వేలు. ఆమె శిబిరంలో ఉన్నది సాటివాళ్ల కోసం. మీరు భరించడం వల్ల ఎవరికి మేలు జరుగుతోంది? మీవారికి కూడా జరగడం లేదు.

ఆమె కాలంలో చట్టం, పోలీసులు అంతా ఆమెకు ఎదురే. మీకు అలా కాదు. 2005 గృహహింస చట్టం కొట్టడాన్నే కాదు, అవమానించడాన్నీ, జీతం లాక్కోవడాన్నీ హింసగానే చూస్తుంది. ఈ వారంలోనే అమ్మకు అంతా చెప్పండి. అమ్మ కంగారుపడతారనుకుంటే ముందు అక్కకో స్నేహితురాలికో చెప్పండి. మహిళల హెల్ప్‌లైన్ 181కి ఫోన్ చేస్తే బాధిత మహిళలకు సాయం చేసే సఖి కేంద్రానికి దారి చూపిస్తారు, ఈ చట్టం కింద సాయపడే ప్రొటెక్షన్ ఆఫీసర్‌ని కలవొచ్చు. జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో ఆడవాళ్లకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా లాయర్‌ని ఇస్తారు. నిద్ర, దడ గురించి డాక్టర్‌కి చూపించుకోండి. మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ 14416కి ఫోన్ చేసి కూడా మాట్లాడవచ్చు. జీతం మీ దగ్గరే ఉంచుకునే విషయం మాత్రం పుట్టింటివాళ్లకు తెలిశాకే మొదలుపెట్టండి, కోపం పెరిగే అవకాశం ఉంది కాబట్టి. ఆ ఇంట్లో ఉండాలా, బయటికి రావాలా అన్నది మీ నిర్ణయం. కానీ మళ్లీ చెయ్యి లేస్తే ఆగకండి, 112కి ఫోన్ చేసి ఆ పూటే బయటికి వచ్చేయండి. సర్టిఫికెట్లు, ఆధార్, కొంత డబ్బు ఇప్పుడే ఒక చోట పెట్టుకోండి.

అరగంట మౌనం, రాసుకోవడం మానకండి. జరిగినవాటిని తేదీలతో సహా రాయండి, రేపు కోర్టులోనూ పనికొస్తాయి. ఆ నోటుబుక్కులు మాత్రం ఇంట్లో ఉంచకండి. చివరిసారి శిబిరానికి వెళ్లేముందు ఎట్టీ తన డైరీల్ని స్నేహితురాలు మరియా చేతికిచ్చింది, అందుకే అవి మిగిలి 1981లో పుస్తకంగా వచ్చాయి. మీరూ నమ్మకమైనవాళ్ల దగ్గర దాచండి. అమ్మతో మాట్లాడాక ఏమైందో నాకు రాయండి.